ఎర్రబారని నీళ్లు

నా చిన్నప్పుడు ఎండాకాలం వచ్చిందంటే మా అమ్మ చేతులు పుల్లగా ఉండేవి. మాటవరసకు అనడం లేదు, నిజంగానే పులుపు. ఆత్మకూరుకు కొంచెం ఇవతల, కృష్ణ ఒడ్డుకు దగ్గరగా మా ఊరు. శివరాత్రి దాటాక చుట్టుపక్కల చెట్ల చింతకాయంతా ఒక సేటు దొడ్డికి చేరేది. ఊళ్లో ఆడవాళ్లు పొద్దున్నే పోయి వరుసగా కూర్చుని, పెంకు పగలగొట్టి, ఈనెలు లాగి, గింజ తీసి, పండును ముద్దలు చేసేవారు. సాయంత్రానికి అమ్మ చేతులు మణికట్టు దాకా నల్లగా, జిగటగా తయారయ్యేవి. ఎంత కడిగినా గోళ్ల సందుల్లో పులుపు మిగిలే ఉండేది. కడగడానికి నీళ్లు మాత్రం ఎక్కడివి? బిందెడు నీళ్లు కావాలంటే వాగులో తవ్విన చెలిమె దాకా నడవాలి, అక్కడ ఊరే దాకా కాచుకొని కూర్చోవాలి.

ఆ చేత్తోనే అమ్మ అన్నం కలిపి నాకూ తమ్ముడికీ ముద్దలు పెట్టేది. ఉత్త అన్నంలో ఉప్పూ కారం వేసి కలిపినా మాకు అది పులిహోరే. తమ్ముడు ముద్ద తిన్నాక అమ్మ వేళ్లను కూడా వదిలేవాడు కాదు. వానాకాలంలో అమ్మ పెట్టే ముద్ద చప్పగా ఉందని నేను అలిగిన రోజులున్నాయి. చింతపండు పని అయిపోతే పులుపు ఎక్కడి నుంచి వస్తుందన్న ఇంగితం కూడా లేదు నాకు. తరువాత ముప్పై ఏళ్లకు పైగా హైస్కూలు పిల్లలకు ఆమ్లాల పాఠం చెప్పి పింఛను తీసుకుంటున్నదాన్ని నేనే అంటే ఆ రోజుల్లో నన్ను చూసినవాళ్లు నమ్మరు.

మా నాయిన ఇంట్లో ఉండేది తక్కువ. మా వైపు మగవాళ్లు దసరా దాటగానే మేస్త్రీ వెంట లారీ ఎక్కేవారు. ఎక్కడ ఆనకట్ట కడుతుంటే అక్కడికి. పాలమూరు లేబర్ వస్తుందంటే బండలు కూడా లేచి దారి ఇస్తాయని నాయిన మా ముందు గొప్పలు చెప్పుకునేవాడు. మళ్లీ తొలకరి పడుతుందనగా, అంటే చింతపండు పని ఎప్పుడో అయిపోయాక, అదే లారీలో దిగేవారు. నాయిన వచ్చిన రోజు మా ఇంట్లో పండగ.

దూరం పోయి వచ్చిన మనిషి గడప దాటాలంటే ఎర్రనీళ్లతో దిష్టి తీయాల్సిందే. తాంబాళంలో నీళ్లు పోసి, పసుపు వేసి, మా నాయినమ్మ సున్నపుకాయలోంచి చిటికెడు సున్నం వేసి చేత్తో కలిపితే నీళ్లు ఎర్రబారతాయి. నాయినమ్మను మేము అవ్వ అని పిలిచేవాళ్లం. ఆకువక్క లేనిదే ఆమెకు పొద్దు గడవదు కాబట్టి సున్నానికి లోటు ఉండేది కాదు. ఈ ఎర్రనీళ్లు అందరిళ్లలోనూ ఉన్నవే. మా ఇంట్లో మాత్రం దానికి అవ్వ పెట్టిన ఒక లెక్క ఉండేది. నీళ్లను ఆ మనిషి భార్యే కలపాలి. అది కూడా అతను వాకిట్లోకి రాకముందు, లారీ ఊరి బయట ఆగిందన్న కబురు అందగానే కలపాలి. నీళ్లు ఎంత ఎర్రగా తిరిగితే మనిషి అంత నిండుగా వస్తున్నట్టు. ఏటా నీళ్లు ఎర్రగానే తిరిగేవి. ఏటా నాయిన నిండుగానే వచ్చేవాడు. అందుకని అవ్వ లెక్క తప్పని అనడానికి ఎవరికీ అవకాశం రాలేదు.

ఆ ఏడు లారీ ముందే వచ్చింది. ఉగాది అయ్యి ఎక్కువ రోజులు కాలేదు, సేటు దొడ్డిలో చింతపండు ఇంకా గుట్టలుగా ఉంది. ఎందుకు ముందే వచ్చారని అడగాలని మాలో ఒక్కరికీ తోచలేదు. లారీ వచ్చిందని బయట ఎవరో కేకేశారు, అంతే. అవ్వ తాంబాళం తెచ్చి వాకిట్లో పెట్టి, నీళ్లు పోసి, పసుపూ సున్నమూ వేసింది. అమ్మ సేటు దొడ్డి నుంచి ఉరుకుతూ వచ్చింది. కొంగు జారుతున్నా చూసుకోలేదు. వచ్చీ రావడంతోనే తాంబాళం ముందు కూలబడి చెయ్యి నీళ్లలో పెట్టింది.

నీళ్లు పచ్చగానే ఉన్నాయి.

అమ్మ ఇంకా కలిపింది. అడుగు రుద్దింది. నీళ్లు మురికిగా, పచ్చగా తిరుగుతున్నాయి తప్ప ఎరుపు రావడం లేదు. "ఇంకింత పసుపెయ్యి," అంది అవ్వ. అమ్మ గుప్పెడు పసుపు వేసింది. మరింత పచ్చబడ్డాయి. అమ్మ రెండో చెయ్యి కూడా పెట్టి రెండు చేతులతో కలపసాగింది. ఆమె మెడ మీద చెమట కారుతుండడం నాకు కనబడుతూనే ఉంది. అవ్వ ఆకు నమలడం ఆపేసింది.

అంతలో మేస్త్రీ వాకిలి దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. వెనక ఇంకో ఇద్దరు ఉన్నారు, వాళ్లలో నాయిన లేడు. మేస్త్రీ చంకలో నాయిన గొంగడి మడత పెట్టి ఉంది. ఎండాకాలంలో గొంగడి ఎందుకు మోసుకొచ్చాడా అని నేను ఒక్క క్షణం అనుకున్నాను. ఆయన తల ఎత్తలేదు. అమావాస్యకు ముందే బండ జారి మీద పడిందని, దవాఖానకు తీసుకుపోయే లోపే అయిపోయిందని, ఎండకు ఆగదని కార్యం అక్కడే చేసేశామని చెప్పాడు. ఆ మాటలు మా చెవిన పడ్డాయి గానీ ఒంట పట్టలేదు. అమ్మ చేతులు ఇంకా నీళ్లలోనే ఉన్నాయి.

"నీళ్లు ముందుగాలనే చెప్పినయి," అంది అవ్వ.

ఆ ఒక్క మాట మా ఇంట్లో నిలిచిపోయింది. అవ్వ చెడ్డ మనిషి కాదు. ఒక్కగానొక్క కొడుకును ముఖం కూడా చూడకుండా పోగొట్టుకుంది. అంత దుఃఖాన్ని ఎక్కడో ఒక చోట దించుకోవాలి కదా, అమ్మ చేతుల మీద దించింది. తిట్టలేదు, కొట్టలేదు. తన మటుకు తాను వేరే పొయ్యి పెట్టుకుని గంజి కాచుకోవడం మొదలుపెట్టింది. అమ్మ చేతి నీళ్లు కూడా తాగేది కాదు. వాడకట్టులోని ఆడవాళ్లు పరామర్శకు వచ్చి, పోతూ పోతూ తాంబాళం సంగతి చెవులు కొరుక్కునేవారు. ఇంత చెప్పినా అసలు బాధ అది కాదు. అమ్మ కూడా నమ్మింది.

అన్నం కలపడం మానేసింది. గంటెతో కంచంలో వేసి పక్కకు జరిగేది. తమ్ముడు నోరు తెరిచి కూర్చుంటే కంచం వాడి ముందుకు తోసేది. వాడు ఏడిస్తే నన్ను కలిపి పెట్టమనేది. నా జడ వేయడం మానేసింది. ఒకసారి తమ్ముడికి జ్వరం వచ్చి ఒళ్లు కాలుతుంటే కొంగు చేతికి చుట్టుకుని, ఆ గుడ్డ మీంచి వాడి నుదురు తాకి చూసింది. "ఎందుకే అమ్మా గట్ల చేస్తవ్?" అని అడిగాను. "నా చెయ్యి మంచిది కాదు బిడ్డా. మీ నాయిన్ని తిన్నది," అంది. ఎంతో మామూలుగా, ఇంట్లో ఉప్పు అయిపోయిందని చెప్పినట్టు చెప్పింది. తండ్రి పోయిన పిల్లలు తల్లి ఒళ్లో తలపెట్టుకుని ఏడుస్తారు. మాకు ఆ ఒడి ఉంది గానీ చేతులు లేవు. అప్పుడు నేను పోగొట్టుకున్నది ఒక్క నాయిన్నే కాదని ఆ వయసులోనే నాకు తెలిసింది.

బళ్లు తెరిచాక నేను తొమ్మిదో తరగతిలోకి వచ్చాను. పెద్ద ఊళ్లో హైస్కూలు, పొలాల గట్ల మీద నడిచి పోవాలి. మా సైన్సు సారు పొట్టి మనిషి, బనియను కనబడేంత పలచటి తెల్లచొక్కా, చేతి నిండా సుద్ద. బడికి ప్రయోగశాల అంటూ లేదు. తలుపు సరిగా పడని బీరువా ఒకటి ఉండేది. అందులో పై అరలో మూత బిగుసుకుపోయిన గాజుసీసాలో ఆమ్లం ఉండేది. ఆమ్లాల పాఠం మొదలైన రోజు సారు ఆ సీసాను బల్ల మీద దూరంగా పెట్టి, "ఇగో, ఇది పులి. బోనుల ఉన్నది. దీనికి దూరంకెల్లి దండం పెట్టుకొని, మనం పిల్లులతోని చదువు నేర్చుకుందాం. జాతి ఒకటే, గుణాలు ఒకటే, కరుసుడే తక్కువ," అన్నారు. మరునాడు ఎవరింట్లో పులుపు ఏది ఉంటే అది తెమ్మన్నారు.

నిమ్మకాయలు, పుల్లచల్ల, పచ్చిమామిడి ముక్క, చింతపండు అన్నీ వచ్చాయి. మామిడి ముక్క పాఠం మొదలయ్యేలోపే మాయమైంది. సారు నిమ్మరసంలో కోడిగుడ్డు పెంకు వేసి బుడగలు రావడం చూపించారు. నల్లబడిన ఇత్తడి చెంబును చింతపండుతో తోమి మెరిపించారు. పులుపు లోహం మీది చిలుమును కరిగిస్తుంది, సున్నాన్ని అణచివేస్తుంది అని బోర్డు మీద రాయించారు. చివర్లో పసుపు నీళ్లు కలిపి సున్నం వేశారు. ఎర్రబడ్డాయి. "ఇది మీ ఇండ్లల్ల దిష్టి తీసుడు గదా, కొత్తేం కాదు," అన్నారు. పిల్లలు నవ్వారు. అందులో చింతపండు రసం పిండారు. ఎర్రనీళ్లు అందరూ చూస్తుండగానే పచ్చబడిపోయాయి.

పిల్లలు చప్పట్లు కొట్టారు. నాకు చేతులు లేవలేదు. లేచి నిలబడి, "చేతికి అంటిన చింతపండు అయినా ఎర్రగ కానియ్యదా సారూ?" అని అడిగాను. మంచి ప్రశ్న అడిగానని సారు సంబరపడ్డారు. "నువ్వే చేసి చూడు రా," అని పిలిచారు. చేతికి చింతపండు పట్టించుకుని కొత్త పసుపునీళ్లలో పెట్టి, చిటికెడు సున్నం వేసి కలిపాను. అచ్చం ఆ రోజు తాంబాళంలో ఉన్న రంగే. అదే మురికి, అదే పచ్చ. కలుపుతూనే ఏడ్చాను. సారు మిగతా పిల్లలను ఆడుకోమని బయటికి పంపించి, బల్ల మీద నా పక్కన కూర్చున్నారు. నేను వెక్కుతూ అంతా చెప్పేశాను. ఆయన నా చెయ్యి పట్టుకుని తన చెంబులోని తాగే నీళ్లతో కడిగారు.

ఆ ఆదివారం సారు మా ఇంటికి వచ్చారు. సైకిలు గోడకు ఆనించి, వాకిట్లో వేసిన మంచం మీద కూర్చుని, బడికి కొంచెం చింతపండు కావాలని అడిగారు. అదొక సాకు అని నాకు తెలుసు, బళ్లో చింతపండుకు కరువు లేదు. అవ్వ అరుగు మీద ఆకు నములుతోంది. అమ్మ తలుపు వెనక నిలబడింది. సారు అవ్వతో వానల గురించి, మోకాళ్ల నొప్పుల గురించి మాట్లాడి మాట్లాడి, "అవ్వా, ఓ తాంబాళం ఇయ్యి. జరంత పసుపు, నీ సున్నపుకాయ గూడ ఇయ్యి," అన్నారు. సారు అడిగితే కాదనడానికి అవ్వకు నోరు రాలేదు.

సారు తానే నీళ్లు పోసి, పసుపు వేసి, సున్నం వేసి తన చేత్తో కలిపారు. ఎర్రగా తిరిగాయి. అవ్వ ముఖం అటు తిప్పుకుంది. సారు ఆ నీళ్లు పారబోసి, తాంబాళం కడిగి, మళ్లీ పసుపునీళ్లు పోశారు. ఈసారి మేమిచ్చిన చింతపండును నానబెట్టి రెండు చేతులతో పిసికి, ఆ చేతులతోనే సున్నం వేసి కలిపారు. నీళ్లు పచ్చగానే ఉండిపోయాయి. ఎంత కలిపినా పచ్చగానే ఉన్నాయి.

"మరి నా చెయ్యి గూడ చెడ్డదేనా అవ్వా?" అని అడిగారు సారు.

"నువ్వు మొగోనివి, సారువి. నీ లెక్క వేరే," అంది అవ్వ. అన్నది గానీ ఆమె కళ్లు తాంబాళం మీదే ఉన్నాయి.

సారు నవ్వలేదు. లోపలి వైపు చూసి, "చింతపండు ఉన్న చేతులతోని ఎవరు కలిపినా గింతే చెల్లె. నేను కలిపినా గింతే, రాజు కలిపినా గింతే. పులుపు సున్నాన్ని చంపుతది. ఆ నాడు నువ్వు సేటు దొడ్డికెల్లి ఉరికొచ్చినవు, చేతులు కడుక్కోలే. అయింది అదే," అన్నారు.

నేను అమ్మ వైపు చూశాను. ఇప్పుడు అమ్మ ముఖం విప్పారుతుందని, ఇంతటితో మా కష్టం తీరుతుందని అనుకున్నాను. నా తెలివికి అది లెక్క కుదిరినంత సులువుగా కనబడింది. అమ్మ తలుపు వెనక నుంచి మెల్లగా బయటికి వచ్చింది. తన రెండు చేతులూ ముందుకు చాపి చూసుకుంది. అప్పుడు అడిగింది.

"అంటే సారూ, నేను చేతులు కడుక్కొని కలిపుంటే, ఆయన వచ్చేటోడా?"

సారు ఒక ప్రశ్నకు జవాబు పట్టుకుని సైకిలు తొక్కుకుంటూ అంత దూరం వచ్చారు. అమ్మ అడిగింది ఆ ప్రశ్న కాదు. ఆయన చింతపండు చేతులు ఒళ్లో పెట్టుకున్నారు, చొక్కాకు మరకలవుతున్నా పట్టించుకోలేదు. ఆయన కళ్లలో నీళ్లు తిరగడం నేను చూశాను. పెద్దవాళ్లు, అందులోనూ సార్లు, ఏడుస్తారని అప్పటిదాకా నాకు తెలియదు.

"రాడమ్మా," అన్నారు చివరికి. "పసుపుకు పులుపు ఒక్కటే తెలుస్తది. మనిషి తెల్వడు. నువ్వు ఈ తాంబాళం ముంగట కూసున్ననాటికే ఆయన లేడు. అమాస ముందే పోయిండు. నీళ్లు ఎర్రగైనా గంతే, కాకున్నా గంతే. నీ చేతులతోని ఏం కాలే."

అవ్వ లేచి లోపలికి పోయింది. సున్నపుకాయ అరుగు మీదే ఉండిపోయింది, ఆమె దాన్ని వదిలి పోవడం అదే మొదటిసారి. కాసేపటికి లోపల నుంచి ఆమె ఏడుపు వినిపించింది. కొడుకు పోయిన రోజున కూడా అంత గట్టిగా ఏడవలేదు. సారు చేతులు కడుక్కోకుండానే సైకిలు తీసుకుని వెళ్లిపోయారు. అడిగి తీసుకున్న చింతపండు మంచం మీదే మిగిలింది.

ఆ రోజు పొద్దు వంగే వేళకు అమ్మ తొట్టి దగ్గర కూర్చుని చేతులు కడుక్కుంది. బూడిదతో ఒకసారి, సబ్బుతో ఒకసారి, మళ్లీ ఉత్త నీళ్లతో. చెలిమె నుంచి మోసుకొచ్చిన బిందెలో సగం అయిపోయింది. అప్పుడు లోపలికి వచ్చి, కంచంలో అన్నం వేసి, చేత్తో కలిపి తమ్ముడి నోట్లో ముద్ద పెట్టింది. తరువాత నాకు పెట్టింది. ముద్ద చప్పగా ఉంది. ఇంతకు ముందైతే అలిగేదాన్ని. ఆ రోజు ఆ చప్పటి ముద్ద మింగుతూ, ఏడుస్తున్నానని అమ్మకు తెలియకూడదని తల వంచుకుని తిన్నాను. ముద్ద ముద్దకూ తల వంచుకుంటే ఏ తల్లికి తెలియదు? అమ్మ ఇంకో ముద్ద పెట్టింది.

అవ్వ నోటితో ఏనాడూ తప్పు ఒప్పుకోలేదు. చలికాలం వచ్చే సరికి ఆమె పొయ్యి ఆరిపోయింది. కట్టెలు లేవని ఒక వంక చెప్పి, అమ్మ వండిన అన్నానికే కంచం ముందుకు జరిపింది. ఎర్రనీళ్ల తాంబాళం మాత్రం అటకెక్కింది. మళ్లీ మా ఇంట్లో ఎవరు ఎంత దూరం నుంచి వచ్చినా దాన్ని దించలేదు. దిష్టి తీసే వంతు ఇక అమ్మకు రాదు కూడా, భర్త పోయిన ఆడదాన్ని అలాంటి వాటికి పిలవరు. నీ చేతులతో ఏమీ కాలేదని సారు చెప్పగలిగారు గానీ, ఆ చేతులను ఎవరూ పక్కకు తోయకుండా ఆపడం ఆయన వల్ల కూడా కాలేదు. ఆ కోపం నాకు ఇప్పటికీ చల్లారలేదు.

అమ్మకు చేతులు కడుక్కునే అలవాటు మిగిలిపోయింది. చింతపండు పని ఉన్నా లేకున్నా, సాయంత్రమైతే తొట్టి దగ్గర కూర్చుని వేలు వేలు రుద్దుకుంటూ కడిగేది. నీళ్లకు కటకటగా ఉన్న ఏడు కూడా మానలేదు. నేను చదువుకుని, ఫిజికల్ సైన్సు టీచరునై, బదిలీల మీద అచ్చంపేట, హుజూర్‌నగర్ వైపంతా తిరిగాను. అమ్మను వెంట ఉంచుకున్నాను. ఏ కిరాయి ఇంట్లో దిగినా ఆమె ముందుగా చేతులు కడుక్కునే జాగా ఎక్కడుందో చూసుకునేది. పిల్లలకు ఆమ్లాల ధర్మాలు చెప్పేటప్పుడు బడికి లిట్మస్ కాగితాలు వచ్చినా నేను పసుపునే వాడేదాన్ని. పాఠం అయ్యాక సారు మాట చెప్పేదాన్ని. పసుపుకు పులుపు ఒక్కటే తెలుస్తుంది, మనిషి తెలియడు. పిల్లలకు అర్థమయ్యేదో లేదో, నేను మాత్రం ఏ ఏడూ వదల్లేదు. ఇంటికి వచ్చి తొట్టి దగ్గర అమ్మను చూస్తే మనసు మళ్లీ మొదటికి వచ్చేది. సారు చెప్పినదాంట్లో అమ్మకు చేతులు కడుక్కోలేదన్న మాట ఒక్కటే ఎక్కింది, మిగతాది ఎక్కలేదు అనుకునేదాన్ని. మా సారుకు ఆ పాఠంలో నేను ఇన్నేళ్లూ సగం మార్కులే వేశాను.

రాష్ట్రం వచ్చింది. నేను రిటైరయ్యాను. మా ఊరికే తిరిగి వచ్చి అమ్మను పెట్టుకుని ఉన్నాను. ఇంటింటికీ నల్లా వచ్చింది. అమ్మకు అది పెద్ద సంబరం. నల్లా కింద చేతులు పెట్టి కూర్చుంటే లేపడం నా వల్ల అయ్యేది కాదు. మొన్నటి దసరాకు ముందటి దసరా సెలవులకు మా మనవరాలు గురుకులం నుంచి వచ్చింది. పదో తరగతి. ఇంట్లో దొరికే వాటితో ఆమ్లాలను గుర్తుపట్టే ప్రాజెక్టు చేసుకు రమ్మన్నారట. కాగితాలకు పసుపు పూసి దండెం మీద ఆరేసింది. అమ్మకు కనబడకుండా వంటింట్లో చేసుకోమన్నాను. అది వింటేనా? నేరుగా వాకిట్లో కూర్చున్న అమ్మ దగ్గరికి పోయి, "తాతమ్మా, నీ చెయ్యి ఇయ్యవా, ఒకటి చూపిస్త," అంది.

"ఆమెను సతాయించకు, నా చెయ్యి పట్టుకో," అన్నాను నేను.

"ఉండనియ్యి, చూపియ్యనియ్యి," అంది అమ్మ, చెయ్యి చాపుతూ. ముడతలు పడి, చర్మం వదులైన చెయ్యి. పిల్ల దాని మీద నానిన చింతపండు పూసి, పసుపు కాగితాన్ని అదిమి, పైన ఒక చుక్క సున్నపునీళ్లు వేసింది. కాగితం పచ్చగానే ఉంది. "చూసినవా, నీ చేతికి పులుపు ఉంటే ఎర్రగ కాదు," అంది గొప్పగా.

"ఎరికనే బిడ్డా," అంది అమ్మ. "పసుపుకు పులుపు ఒక్కటే తెలుస్తది. మనిషి తెల్వడు."

సారు అన్న మాట, అక్షరం పొల్లు పోకుండా. నేను ఆ మాట బళ్లలో చెప్పాను గానీ ఇంట్లో అమ్మ ముందు ఏనాడూ అనలేదు. ఆమె నోట వినడం అదే మొదలు.

సాయంత్రం అమ్మ నల్లా దగ్గర కూర్చుంది. నేను పక్కనే పీట వేసుకుని కూర్చున్నాను. "సారు మాట గంత మంచిగ ఎరికున్నది గదా అమ్మా. మరి ఇన్నేండ్లసంది చేతులెందుకు కడుగుతున్నవ్?" అని అడిగాను. అమ్మ బొటనవేలు, చూపుడువేలు, ఒక్కొక్కటీ రుద్దుకుంటూ ఉంది.

"సారు చెప్పిననాడే ఎరికైంది. నాతోని ఏం కాలే అని ఆనాడే నమ్మిన," అంది. "గది కాదు బిడ్డా. ఆనాడు లారీ వచ్చిందంటే ఉరికొచ్చిన. చేతులు కడుక్కుంటే జర ఆలస్యమయ్యేది. ఆ కడుక్కున్నంత సేపు మీ నాయిన ఇంకా తొవ్వల ఉన్నడనే, ఇంటి దిక్కు నడిచొస్తున్నడనే అనుకునేదాన్ని గదా. గంత సేపు నాకు దక్కకపాయె. గిప్పుడు కడుగుతుంటే ఆయన తొవ్వల్నే ఉంటడు, వస్తనే ఉంటడు. కడుగుడు అయిపోయినంక ఇంగ లేడు."

నేను నల్లాను ఇంకొంచెం తిప్పాను.

పోయిన వానాకాలంలో అమ్మ వెళ్లిపోయింది. నిద్రలోనే పోయింది, చేతులు గుండె మీద పెట్టుకుని. మనవరాలు ఇప్పుడు ఇంటర్లో కెమిస్ట్రీ తీసుకుంది, ఫోను చేసినప్పుడల్లా నాకు తెలియని సంగతులు చెబుతుంది. సారుకు నేను తగ్గించిన మార్కులు మనసులోనే తిరిగి వేసేశాను. ఆయన చెప్పినదంతా అమ్మకు చేరింది. అమ్మ చేతులు ఏం చెబుతున్నాయో మాత్రం ఇన్నేళ్లు పక్కనే ఉండి నేను చదవలేదు.

పప్పుచారుకు చింతపండు పిసికాక నేనిప్పుడు నల్లా దగ్గర కూర్చుని చేతులు కడుక్కుంటాను. వేలు వేలు రుద్దుకుంటాను. పులుపు ఎప్పుడో పోయి ఉంటుంది, ఆ సంగతి నాకు తెలుసు. అప్పుడు తొవ్వలో ఇద్దరుంటారు. నల్లా కట్టేయడానికి చెయ్యి రాదు.